ఊరి కమిటీ ఖతర్‌కు అచ్చిన చలికాలం

మా ఊరి అభివృద్ధి కమిటీకి పాస్‌పోర్టు లేదు, వీసా లేదు, మెడికల్ కాలె, వేలిముద్రలు ఇయ్యలె. అయినా పోయిన చలికాలం ఖతర్‌కు అచ్చి, అల్ ఖోర్ దిక్కు మా క్యాంపుల, మా రూముల, నా మంచం పక్కన కూసున్నది. ముందొకసారి బోరింగ్ చెడిపోయిందని ఆర్నెల్లు మొత్తుకున్నా కదలనోళ్ళు, ఒక మనిషిని వెలి ఎయ్యాలె అనేవరకు సముద్రం దాటి అచ్చిండ్రు. ఇప్పటికి తల్సుకుంటె నాకు ఒళ్ళు మండుతది.

నా పేరు రాజేశం. రాస్ లఫాన్‌ల స్కాఫోల్డింగ్ పని. ఎత్తుల పని చేసేటోళ్ళు నిలవడనీకి పైపులు, పలకలు కట్టుడు, పని అయినంక ఊడదీసుడు, గంతే. రూముల అందరం ఒక్క ఊరోళ్ళమే, మెట్‌పల్లి దిక్కు. అండ్ల గంగాప్రసాద్ అని నాకు బావ, మా ఇంటామె గౌరవ్వకు తోడవుట్టిన అన్న. నన్ను ఈ కంపెనీల పెట్టించింది ఆయనె. ఏండ్ల సంది ఒక్క గంజుల కూర, ఒక్క గిన్నెల బువ్వ. మా రూము నిరంజన్ కూర చేస్తె ఉప్పు ఎక్కువైతదని ఆయనను తిట్టుకుంట తినుడు, అదొక సంబురం.

మా దిక్కు కమిటీ సంగతి ఎరుక లేనోళ్ళకు చెప్పాలె. పంచాయతి అంటె సర్కారుది, ఓట్లేసి ఎన్నుకుంటరు. దాని నెత్తి మీద ఇంకోటి కూసుంటది, అదే కమిటీ. దానికి ఎవ్వలు ఓటెయ్యరు. కులానికొక పెద్దమనిషి అచ్చి కూసుంటడు. కల్లు ఎవలు అమ్మాలె, కోడి ఎవలు కొయ్యాలె, చివరికి ఎవలతోని ఎవలు మాట్లాడాలె అన్నది గూడ వాళ్ళే చెప్తరు. మాట ఇనకుంటె వెలి. చైర్మన్ అమర్నాథ్. మెడల ఎప్పుడు తువ్వాల, నడుముకు తాళంచెవుల గుత్తి.

ఆ గుత్తిల ఒక చెవి మా ఆడోళ్ళది. మహిళా సంఘం బిల్డింగ్‌ది. సర్కారు పైసలతోని సంఘం పేరు మీదనే కట్టిండ్రు. ఊళ్ళె బీడీలు చేసే ఆడోళ్ళు చాటలు పట్టుకొని ఆడికే పోయి కూసునేటోళ్ళు. వాన కొట్టినా ఆకు తడవదు, ఇంట్ల ముసలోళ్ళకు తంబాకు ఘాటు తగలది, నాలుగు ముచ్చట్లు చెప్పుకుంట పని చేస్కుందురు. కిందటేడు కమిటీ దానికి తాళమేసింది. మీటింగులు పెట్టుకోనీకి జాగ లేదట. మీటింగంటె ఏందో అందరికి తెలుసు, పొద్దుగాల ఊడ్వబోతె పేకముక్కలు, సీసాలు. ఆడోళ్ళందరు పోయి చెవి అడిగితె అమర్నాథ్, మీకు ఇండ్లు లేవా అని నవ్విండట.

గట్ల నవ్విన నవ్వు గౌరవ్వ మర్వలె. సర్పంచి సీటు ఈసారి ఆడోళ్ళకు అచ్చింది. కమిటీ కూసుండి, ఏకగ్రీవం చేసెయ్యాలె, అమర్నాథ్ మరదలే సర్పంచి అని ఒప్పందం చేసింది. అదే వారం గౌరవ్వ నాకు ఫోన్ చేసి, నేను నిలవడుత అన్నది. ఎందుకే అంటె, చెవి తీస్కోనీకి అన్నది. నీకెవలు ఓటేస్తరే అన్న. నేనేసుకుంట గదా, ముందుగాల ఒకటైతె పడ్డది అన్నది. నేను నవ్విన. ఆమె నవ్వలె. అప్పుడు సమజైంది నాకు, ఇది ఉత్త ముచ్చట కాదని.

నామినేషన్ కంటె ముందే చాటింపు అయింది. డప్పు కొట్టిచ్చి గల్లీ గల్లీల చెప్పిండ్రట. ఆ మాటనే మల్ల వాయిస్ మెసేజ్ చేసి, గల్ఫ్‌ల ఉన్న మా ఊరోళ్ళ గ్రూపుల ఏసిండ్రు. డ్యూటీ కెల్లి అస్తుంటె బస్సులనే అందరి ఫోన్లు ఒక్కసారి టింగుమన్నయి. నేను గూడ చెవికి పెట్టుకొని ఇన్న. రాజేశం ఇంటోళ్ళతోని ఎవలు మాట్లాడినా, కలిసి తిన్నా, పనికి పిలిచినా, పనికి పోయినా జరిమానా అని అమర్నాథ్ గొంతు. ఆఖరుకు, దుబాయిల ఉన్నోళ్ళకు గూడ ఇదే లెక్క అన్నడు. మేమున్నది ఖతర్ అన్నది గూడ ఆయనకు సోయి లేదు. కాని ఆయన హుకుం మాత్రం మాకు నడువాలె.

నడిచింది. సిగ్గులేకుంట నడిచింది. నేను తానం చేసి అచ్చేసరికి బువ్వ వండుడు అయింది, నా లెక్క తీసేసి వండిండ్రు. నా పళ్లెం, నా గిలాస గంగాప్రసాద్ బావ మంచిగ కడిగి, తుడిచి, నా మంచం మీద పెట్టిండు. ఇసిరేసినా అంత నొప్పి కాకపోవు. కడిగి పెట్టిండు సూడు, గది నన్ను పొడిచింది. బావా అని పిలిచిన. గోడ దిక్కు తిరిగి అంగి మడుత పెట్టుకుంట నిలవడ్డడు.

మాట్లాడద్దు అన్నరు కని అవసరాలు ఆగుతయా? దానికి గూడ ఉపాయం తీసిండ్రు. నా ఫోన్ మోగితె నిరంజన్ ఫ్యాను దిక్కు సూసి, ఎవలిదో ఫోన్ మోగుతున్నది అనేటోడు. నా బట్టలు ఆరేసిన కాడ గాలి లేస్తె, ఎవలియో అంగీలు పోతున్నయి అని గోడకు చెప్పేటోళ్ళు. ఫ్యానుకు, గోడకు ఉన్న ఇజ్జతు నాకు లేకపాయె. వాళ్ళ భయం నాకు తెల్వది కాదు. నాతోని మాట్లాడితె ఊళ్ళె వాళ్ళ పెండ్లాలను గూడ వెలి ఏస్తరు. తెలుసు. తెలిస్తె మాత్రం కోపం తగ్గుతదా?

ఊళ్ళె ఇంకా అన్యాలం. బీడీ కార్ఖానా ఏజెంటు గౌరవ్వకు ఆకు, తంబాకు ఇచ్చుడు బంద్ చేసిండు. కిరాణం దుకాణంల, సామాన్లు కండ్ల ముంగట పెట్టుకొని లేవు అన్నరు. మా బిడ్డ రాణి కాలేజీకి పోయే ఆటోల దాని పక్క సీట్ల ఎవ్వలు కూసుంటలేరు. సొంత వదిన, అంటె గంగాప్రసాద్ పెండ్లాం, ఎదురొస్తె గల్లీ మారుతున్నదట. గౌరవ్వ ఇవన్ని చెప్పుకుంట ఏడువలె. ఉప్పు మెట్‌పల్లి పోయి తెచ్చుకుంటున్న, బస్సు ఫ్రీ గదా అన్నది. నామినేషన్ ఏసినంక ఫోటో పంపింది. కొత్త చీర గూడ కట్టుకోలె, ఇంటి పనిల ఉన్నది ఉన్నట్టే పోయి ఏసింది.

నాకు ఆ దినాలల్ల దిక్కు ముజఫ్ఫర్ అలీ భాయ్. మా బస్సు డ్రైవరు, కోరుట్లాయన. పక్క బ్లాకుల ఉంటడు. మెస్ కాడ నేనొక్కన్నే ఖుబూస్ రొట్టె నములుతుంటె సూసి, క్యా బాత్ హై రాజేశం భాయ్, మీ బావతోని పంచాయితా అని అడిగిండు. సంగతి చెప్తె నా ఎదురుంగ కూసున్నడు. ఇరవై ఏండ్లల్ల గీ ఖతర్‌ల ఎంతమంది మేనేజర్లను సూసిన్నో, మనిషితోని మనిషి మాట్లాడొద్దని ఏ ఒక్కడు చెప్పలే అన్నడు. యల్లా, లే అని నా పళ్లెం ఆయనే పట్టుకొని రూముకు తీస్కపోయిండు. ఆ దినం కెల్లి మాపటి బువ్వ ఆయనతోని.

రూముల సంగతి గట్ల. పని కాడ సంగతి అసలు పాణం మీదికి తెచ్చింది.

మాది మాట మీద నడిచే పని. కట్టిన స్కాఫోల్డింగ్ ఇప్పేటప్పుడు, మీద ఒకడు, వాని కింది పలక మీద ఇంకొకడు, గట్ల నేల దాక నిలవడుతం. మీదోడు పైపును నిలువుగ కిందికి దించుతడు. కిందోడు పట్టుకొని అందింది అంటడు. ఆ మాట చెవిల పడినంకనే మీదోడు చెయ్యి ఇడువాలె. మా గ్యాంగుల నేను మీద, గంగాప్రసాద్ బావ నా కింద. ఏండ్ల సంది ఆయన అందింది అన్నడు, నేను ఇడిచిన. ఆ గొంతు మీద నాకు ఎంత నమ్మకమంటె, కిందికి సూసేది గూడ లేదు.

చాటింపు అయిన తెల్లారి పైపు దించిన. మాట లేదు. చేతులు గుంజుతున్నయి, కిందికెల్లి సప్పుడు లేదు. ఇడువాల్నా ఒద్దా? గప్పుడు బావ పక్క నిలువు పైపు మీద స్పానర్‌తోని రెండుసార్లు టక్ టక్ కొట్టిండు. అందిందన్నట్టు. కమిటీ మాట్లాడొద్దు అన్నది కని కొట్టొద్దు అన్లేదు గదా! ఎంత తెలివి! ఆ తెలివికి నవ్వాల్నో ఏడ్వాల్నో నాకు తెల్వలె. ఇది మంచిది కాదు బావా అని మీదికెల్లి ఒర్రిన. ఆయన ఇంకో పైపు కోసం చెయ్యి చాపిండు. అట్లనే నడిపిచ్చినం, దినాం టక్ టక్.

నామినేషన్లు వాపసు తీసుకునే గడువు దగ్గరవడ్డ రోజుల ఒకనాడు గాలి జోరుగున్నది. ఆ పక్కన వేరే గ్యాంగోళ్ళు గూడ ఇప్పుతున్నరు, పైపులను కలిపి పట్టే క్లాంపు బిగుసుకపోతె సుత్తెతోని కొట్టిండ్రు. రెండు దెబ్బలు. అన్ని పైపులు ఒకదానికొకటి కట్టి ఉంటయి, ఆడ కొడితె ఈడ మోగుతది. నేను బావనే కొట్టిండు అనుకొని చెయ్యి ఇడిచిన.

పైపు ఆయన చేతులకు అందలె. పలకకు తగిలి, గిర్రున తిరిగి, కింద ఉస్కెల కూసుండి క్లాంపులు సంచిల ఏసుకుంటున్న నేపాలాయన పక్కన దిగవడ్డది. ఇంకింత అటు పడితె ఆయన లేడు. పాపం, ఆయన సంచి పట్టుకొని అట్లనే కూసున్నడు. నేను పైన పైపును కావలిచ్చుకున్న. కింద బావ నా దిక్కు సూస్తున్నడు. అప్పుడు గూడ నోరు తెరవలె.

పని ఆపిచ్చిండ్రు. సేఫ్టీ ఆఫీసర్ కేరళాయన, మంచోడే. ఇద్దరిని నిలవెట్టి, ఆవాజ్ ఎందుకు ఇయ్యలే, స్పానర్‌తోని కొట్టుడు ఎవలు నేర్పిండ్రు అని హిందీల అడిగిండు. బావ తల వంచుకొని మర్చిపోయిన సార్ అన్నడు. మర్చిపోయిండట! నాకు నెత్తురు నెత్తికెక్కింది. మర్వలే సార్, మా ఊరి కమిటీ నాతోని మాట్లాడొద్దు అన్నది, అందుకే మాట్లాడుతలేడు అని చెప్పిన. ఏ కమిటీ, కంపెనీ కమిటీయా అని అడిగిండు. కాదు, ఊళ్ళెది, ఇండియాల అన్న. ఆయన నా మొకం సూసిండు, బావ మొకం సూసిండు, నేను పరాచికాలు ఆడుతున్న అనుకున్నడు. ఆయన తప్పు కాదు. అసుంటిది ఎవలు నమ్ముతరు? ఇద్దరికి వార్నింగ్ రాసి, గ్యాంగులు మార్చిండు. మల్ల గిట్లయితె ఇద్దరు ఇంటికే అన్నడు.

గౌరవ్వకు చెప్పొద్దు అనుకున్న. కని బావ తన పెండ్లానికి చెప్పిండు, ఆమె నోట ఊరంత పాకింది. గౌరవ్వతోని ఎవ్వలు మాట్లాడొద్దు గదా, బోరింగ్ కాడ ఒక ముసలామె బిందెతోని చెప్తున్నట్టు చెప్పిందట, దుబాయిల రాజేశం చేతికెల్లి పైపు జారిందట, గండం గడిచిందట అని. ఆ ముసలామె కాళ్ళు మొక్కాలె నేను.

వాపసు తీసుకునుటానికి ఆఖరి రోజు శుక్రవారం అచ్చింది, మాకు ఛుట్టి. పొద్దుగాల నేను మంచం మీద కూసున్న. గంగాప్రసాద్ బావ నా ముంగట అచ్చి నిలవడి, బావా అన్నడు.

ఎన్ని వారాలకు ఆ మాట! నేను లేసి నిలవడ్డ. నా కండ్లల్ల నీళ్ళు అచ్చినయి, దాచుడెందుకు. పైపు పడ్డది ఆయన మనసుకు తాకింది, ఇగ కమిటీని ఇడిచిపెట్టిండు అనుకున్న. ఆయన చెప్పిండు, ఇయ్యాల ఒక్కపూట నీతోని మాట్లాడనీకి కమిటీ పర్మిషన్ ఇచ్చింది బావా అని.

నేను మల్ల కూసున్న. నా పెండ్లాం తోడవుట్టినోడు, నా పెండ్లిల నా కాళ్ళు కడిగినోడు, నాతోని బావా అనుటానికి అమర్నాథ్ పర్మిషన్! అంతకన్న మాట్లాడకుంటెనే మంచిగుండు.

ఫోన్ స్పీకర్ పెట్టి నా ముంగట పట్టిండు. అండ్ల అమర్నాథ్. గొంతు తియ్యగ చేసుకున్నడు. ఏం పరేషాన్ గాకు రాజేశం, ఆడమనిషి తెల్వక ఏసింది, నువ్వొక్క మాట చెప్తె తీస్కుంటది, ఈ క్షణం వెలి ఎత్తేస్తం, పాణాలు ముఖ్యం గదా అన్నడు. పాణాలు ముఖ్యమట. పాణం మీదికి తెచ్చినోడే అంటున్నడు. రూముల అందరు నా నోరే సూస్తున్నరు. నిరంజన్ గూడ ఫ్యానును ఇడిచిపెట్టి నన్ను సూస్తున్నడు. అందరి ముంగటనే ఆమెకు ఫోన్ చెయ్యిమన్నడు బావ. చేసిన. నాది గూడ స్పీకర్ పెట్టిన. అమర్నాథ్ ఆ ఫోన్ల ఇంటనే ఉన్నడు.

గౌరవ్వ ఎత్తంగనే అడిగింది, "అన్న ఆడనే ఉన్నడా?"

ఉన్నడు అన్న.

"అయితె ఇననీ. బోరింగ్ కాడ తెలిసింది నాకు. నీకేమన్న అయితె నేను ఆ బిల్డింగుల కూసుండి ఏం చేసుకుంట? ఇప్పుడే మండల ఆఫీసుకు పోతున్న, తీసేసుకుంట. వాళ్ళ సర్పంచి వాళ్ళకే పోనీ."

బావ కింద సూసిండు. నాకు, సరె, తీస్కో అందామనే ఉండె. అబద్ధం ఎందుకు, భయం ఉండె. మల్ల మీదికి ఎక్కాలె గదా నేను. నోట్లెకెల్లి మాత్రం వేరే మాట అచ్చింది.

"చెవి ఇచ్చిండా?" అన్న.

"ఎక్కడి చెవి?"

"బిల్డింగుది. అమర్నాథ్ ఇచ్చిండా?"

"ఇయ్యలె."

"మరి నువ్వెందుకు తీస్కుంటవ్?"

ఆడ ఎవల మేకనో అరుస్తున్నది. తర్వాత, "సరె, బట్టలు ఆరేసేది ఉన్నది" అని ఫోన్ పెట్టేసింది.

బావ చేతుల ఫోన్‌లకెల్లి అమర్నాథ్, ఏమన్నది రా, తీస్కుంటదా లేదా అని గాయి చేస్తున్నడు. బావ ఫోన్ బంద్ చేసి బాత్‌రూంల సొచ్చి, నల్ల ఇప్పుకొని మస్తు సేపు బయటికి రాలె. మాపటికి పర్మిషన్ అయిపోయింది. మల్ల గోడలతోని ముచ్చట్లు మొదలు.

ఎన్నికల దినం నేను డ్యూటీలనే ఉన్న. దోహ దిక్కు రోడ్లన్ని ఖతరోళ్ళ నేషనల్ డే పండుగకు జెండాలు కట్టిండ్రు, మన ఊళ్ళె ఏం జరుగుతున్నదో అని నా పాణం ఆడనే ఉన్నది. రాణి మెసేజ్ పెట్టింది, ఓడిపోయినం బాపు అని. గౌరవ్వ ఓడింది. అమర్నాథ్ మరదలు గెల్సింది. కని ఎంతల గెల్సిందనుకున్నరు? కొన్ని ఓట్ల తేడానే. ఇంచుమించు సగం ఊరు గౌరవ్వకు ఏసింది. ఇంటింటికి పోయి అడుగుతె తలుపులు పెట్టుకున్న ఊరు, గల్లీల ఎదురొస్తె మొకం తిప్పుకున్న ఊరు, పరదా ఎనుకకు పోయి ఆమె గుర్తు మీద గుద్దింది. బీడీలు చేసే చేతులు అవి, నాకు తెలుసు.

కమిటీకి ఒళ్ళు చల్లవడ్డది. ఎవలెవలు ఏసిండ్రు అని తవ్విండ్రు. ఎవ్వలను అడిగినా నేనెయ్యలె అన్నరు. సగం ఊరును వెలి ఏస్తె ఇగ కల్లు దుకాణానికి ఎవలు పోతరు, కోడి ఎవలు కొంటరు? గందుకని రెండ్రోజులు కూసుండి ఒక తీర్మానం చేసిండ్రు. మల్ల డప్పు, మల్ల వాయిస్ మెసేజ్. రాజేశం ఇంటిని కమిటీ పెద్దమనసుతోని మాఫ్ చేసింది, అందరు కల్సిమెల్సి ఉండాలె అని.

ఆనాడు నేను డ్యూటీ కెల్లి అచ్చేసరికి రూముల కోడికూర వాసన. నా లెక్క గూడ వండిండ్రు. నిరంజన్ నా భుజం మీద చెయ్యేసి, అన్నా, సూడు ఉప్పు సరిపోయిందా అన్నడు, నడుమ ఏం కానట్టే. బావ నా పళ్లెంల బువ్వ పెట్టుకుంట, మాఫ్ చేసిండ్రు బావా, ఇగ అంత అయిపోయింది, రా తిందం అన్నడు. మొకం నిండ నవ్వు. ఎవలు ఎవలను మాఫ్ చేసిండ్రు? మేము ఎవల ఇల్లు కూలగొట్టినం? ఎవల చెవి మా నడుముకు కట్టుకున్నం? మాఫ్ అట! ముందుగాల గౌరవ్వతోని మాట్లాడుత అని ఫోన్ చేసిన.

ఆమె చెప్పింది. పొద్దుగాలనే ఏజెంటు ఆకు, తంబాకు మోసుకొని ఇంటికే అచ్చిండట. కిరాణమాయన, అక్కా ఏమన్న కావాల్నా అని పిలిచిండట. వదిన గిన్నెల కూర తెచ్చి గడపల నిలవడి ఏడ్సిందట. మరి నువ్వేం చేసినవే అన్న.

"ఆకు తీస్కున్న, అది నా పని. ఎవ్వలతోని మాట్లాడలె. వాళ్ళు మాఫ్ చేసిండ్రు కని నేను చెయ్యలె. ఆ బిల్డింగు తాళం తీసిన దినం మాట్లాడుత, అప్పటిదాక ఊరు మొత్తం నాకు వెలి."

మీ అన్న ఈడ నాకు బువ్వ పెట్టి నిలవడ్డడు, ఏం చెప్పాలె అని అడిగిన.

"అన్నకు గూడ గంతే" అన్నది, పెట్టేసింది.

గంగాప్రసాద్ బావ గరిటె పట్టుకొని, చెల్లె ఏమన్నది అని ఆశగ అడిగిండు. ఆమె చెప్పింది ఉన్నదున్నట్టు చెప్పిన, ఒక్క మాట ఎక్కువ లేదు, తక్కువ లేదు. ఆయన గరిటె గంజుల పెట్టి మంచం మీద కూలవడ్డడు. నేను పళ్లెంల బువ్వను మల్ల గిన్నెల పోసి, ఉత్త పళ్లెం పట్టుకొని ముజఫ్ఫర్ భాయ్ రూముకు పోయిన.